నీళ్లసామి

నీళ్లసామి పోయాడని ఫోన్ వచ్చినప్పుడు నేను రాప్తాడులో మా మందుల షాపులో ఉన్నాను. ఒక ముసలాయనకు బీపీ మాత్రలు ఎప్పుడు వేసుకోవాలో చెబుతున్నాను. ఫోన్ చేసింది మా ఊరి నుంచి, ఓబులేసు చిన్నాయన కొడుకు. నాకు తమ్ముడి వరస. ఏడుస్తున్నాడు. నిజంగానే ఏడుస్తున్నాడు. జైలు ఆసుపత్రిలో పోయాడట, కడుపులో పుండు ముదిరిందట. చివర్లో, పెద్దమ్మకు కూడా చెప్పు, పాతవి మనసులో పెట్టుకోవద్దను అని చెప్పి పెట్టేశాడు.

వాడు పెద్దమ్మ అన్నది మా అమ్మను. నాయన పోయిన తర్వాత నా దగ్గరే ఉంటోంది. షాపు వెనక గదిలో చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తోంది. వెళ్లి చెప్పాను. తల ఎత్తలేదు.

"ఉరి తీయలేదా?" అని అడిగింది.

ఉరి రద్దయి ఏళ్లయిందని ఆమెకూ తెలుసు. లేదమ్మా, జబ్బు చేసి పోయాడు అన్నాను. ఓహో అని, ఒక కాయ విప్పి చూసి, పుచ్చుదని పక్కన పడేసింది.

అతని అసలు పేరు నాకు తెలుసు. ఇక్కడ రాయను. రాస్తే ఎవరో ఒకరు దాన్ని కూడా రంగు అక్షరాల్లో అచ్చు వేయించుకుంటారు. అతన్ని తలచుకుంటే ఇన్నేళ్ల తర్వాత నాకు భయం రాదు. కోపం కూడా పెద్దగా రాదు. అన్నం తింటుంటే పంటి కింద పురుగు నలిగినట్టు ఉంటుంది. ఆ రుచి ఎంత పుక్కిలించినా పోదు.

మా ఊరు కుందుర్పి దాటి లోపలికి. అతను వచ్చిన ఏడు శనక్కాయ ఊడలు దిగే వేళకు వాన మొహం చాటేసింది. మా చేన్లో ఉన్న చివరి బోరు కూడా గాలి కక్కడం మొదలుపెట్టింది. నేను డి.ఫార్మసీ ముగించి, పని దొరక్క ఇంట్లోనే ఉన్నాను. ఒక మధ్యాహ్నం గడ్డం పెంచుకున్న మనిషి ఒకడు చంకన సంచీతో మా పంచ ముందు నిలబడి నీళ్లడిగాడు. అమ్మ చెంబుతో ఇచ్చింది. ఒక గుక్క తాగి, కళ్లు మూసుకుని, ఈ నీళ్లు తూర్పు పక్క నుంచి వచ్చినాయి అన్నాడు. మా నాయన లేచి నిలబడ్డాడు. మేము తెచ్చుకునేది ఊరికి తూర్పున పాల కేంద్రం దగ్గర బోరు నుంచే. వచ్చే దారిలో బిందెలు మోసుకొస్తున్న ఆడవాళ్లను చూసి ఉంటాడని నాకు తట్టడానికి చాలా కాలం పట్టింది. మా నాయనకు ఎప్పుడూ తట్టలేదు.

ఆ రోజే మా పశువుల కొట్టం పక్క గదిలో చాప పరిచారు. పశువులు అప్పటికే సంతకు పోయాయి. గది ఖాళీగానే ఉంది.

అతను నీళ్లు చూసే పద్ధతి చూడముచ్చటగా ఉండేది, ఒప్పుకోవాలి. పచ్చి వేపకొమ్మ, పంగలుగా చీలినది, రెండు చేతులా పట్టుకుని కాళ్లకు చెప్పులు లేకుండా చేన్లో నడిచేవాడు. వెనక పదిమంది మగవాళ్లు ఊపిరి బిగబట్టి నడిచేవాళ్లు. ఉన్నట్టుండి ఆగి, వంగి, చిటికెడు మట్టి నాలుక మీద వేసుకునేవాడు. చప్పరించి ఎడమ పక్కకు ఉమ్మేవాడు. మళ్లీ నడక. కొమ్మ కిందికి వంగిన చోట కాలి బొటనవేలితో గీత గీసేవాడు. దుడ్లు ముట్టేవాడు కాదు. ఎవరైనా ఇవ్వబోతే రెండడుగులు వెనక్కి వేసి, నీళ్లకు ఊరుంటుందా, నాకూ లేదు, నాకు యానికప్పా దుడ్లు అనేవాడు. ఆ మాటతో చుట్టుపక్కల ఊళ్లన్నీ పడిపోయాయి. తిండీ, నలుగురి మధ్య ఒక మూలా దొరికితే చాలునన్న మనిషికి దుడ్లతో పనేముంటుందని ఎవరూ ఆలోచించలేదు.

అతను చూపించిన చోట్లలో ఎక్కువ భాగం దుమ్మే లేచింది. రెండు చోట్ల నీళ్లు పడ్డాయి. ఆ రెండింట్లో ఒకటి మా చేను. రెండించుల నీళ్లు. రిగ్గు పైపులోంచి బురద ఎగజిమ్మినప్పుడు మా నాయన ఆ బురదలో కూర్చుని ఏడ్చాడు. మా నాయన ఏడవడం నేను చూసింది అప్పుడొక్కసారే. నీళ్లు పడని చోట్ల గురించి అడిగితే అతని దగ్గర జవాబు సిద్ధంగా ఉండేది. రిగ్గు రెండు మూరలు పక్కకు పెట్టినారనో, ఇంట్లో మైల ఉండిందనో చెప్పేవాడు. మైల ఎప్పుడూ ఆడవాళ్లదే.

దగ్గరగా చూసింది మేము. ఏడాది పైన మా ఇంటి తిండే తిన్నాడు. పళ్లెం ముందు పెడితే వెంటనే చెయ్యి పెట్టేవాడు కాదు. చూపుడువేలితో పళ్లేన్ని మెల్లగా తిప్పి, కూరలో మాంసం ముక్కలు తన వైపుకు వచ్చాక ఆపేవాడు. ముద్దను వేళ్లతో నొక్కి చూసి, నిన్నటి పిండి కదా తల్లీ అనేవాడు. నిజంగా నిన్నటి పిండే అయ్యేది. అమ్మ సిగ్గుపడి మళ్లీ పొయ్యి రాజేసేది. మా ఇంట్లో ఆ ఏడు కోడి కోసిందంతా అతని కోసమే. ఎముకలో మూలగను చప్పుడు చేస్తూ పీల్చేవాడు. నవ్వితే గొంతు వచ్చేది కాదు, భుజాలు మాత్రం ఎగిరేవి.

చిన్నపిల్లలు కనిపిస్తే పిలిచి నెత్తిన చెయ్యి పెట్టి దీవించేవాడు. పెట్టడం కాదు, ఒత్తడం. పిల్లల మెడలు కిందికి కుంగేవి. పక్కింటి పాప ఒకతి అతన్ని చూస్తే గోడ వెనక్కు పరిగెత్తేది. దానికి దిష్టి తగిలిందని వాళ్లమ్మ తాయెత్తు కట్టించింది, అదీ అతని చేతులతోనే.

మోటారు సైకిలు చప్పుడు వినిపిస్తే ఒంటికి పోవాలని లేచి గడ్డివామి వెనక్కు వెళ్లిపోయేవాడు. వచ్చింది ఎవరో తెలిసేదాకా తిరిగి వచ్చేవాడు కాదు. చదివిన చదువు కొద్దీ నేను, సామీ, మీకు షుగర్ ఉందేమో, కుందుర్పిలో పరీక్ష చేయించుకోండి అన్నాను. అతని భుజాలు చాలాసేపు ఎగిరాయి. ఫోటో తీయనిచ్చేవాడు కాదు. శక్తి పోతుందట. కడుపులో మంటకు మాత్రం నన్నే మందడిగేవాడు. నేనిచ్చిన తెల్ల మందు సీసా ఎత్తి తాగి మూతి తుడుచుకుని, భూమి తల్లి కడుపులో చెయ్యి పెట్టి చూసినట్టు నాకు తెలుస్తుంది గానీ నా కడుపు సంగతి నాకే తెలీదు తల్లీ అనేవాడు. అప్పుడు ఆ మాట నాకు గొప్పగా వినిపించింది. అదీ చెప్పాలి.

మా అమ్మ అక్క ఒకామె కణేకల్ దగ్గర ఒక పల్లెలో ఉండేది. ఆమెను నేను దొడ్డమ్మ అంటాను. మా నాయనకు వరిబీజం ఆపరేషన్ అయితే పలకరించడానికి వచ్చింది. బస్సు దిగి పంచ మెట్లెక్కుతూ, అక్కడ కూర్చుని తింటున్న అతన్ని చూసింది. చూసి పలకరించకుండా సీదా వంటింట్లోకి వచ్చి రుబ్బురోలు మీద కూర్చుంది. అమ్మ నీళ్లిస్తే చెంబు పక్కన పెట్టి, తలుపు వెయ్యి అంది.

తర్వాత గుసగుసగా చెప్పింది. వాళ్ల పక్క ఊరి మనిషే. కణేకల్ అంటే అందరూ కాలువ నీళ్లనుకుంటారు గానీ వీళ్లది కాలువ చివర, నీళ్లందని భూమి. అన్నదమ్ములిద్దరికీ కలిపి ఒకటే బోరు. కరెంటు ఉండే కొద్దిసేపట్లో ఎవరి మడి ముందు తడవాలన్న దగ్గర రోజూ రభస. ఒక వేసవిలో తమ్ముడు గొడ్డలి తీసుకున్నాడు. అన్న, వదిన, వాళ్ల చిన్నకూతురు. ముగ్గురినీ చేని గట్టున ఉన్న పాత ఎండుబావిలో వేశాడు. పెద్దకూతురు అవ్వగారింటికి పోయి ఉండబట్టి బతికింది. తెల్లవారి పోలీసులు వచ్చేసరికి అతను మోటారు వేసి తన మడికి నీళ్లు కట్టుకుంటూ నిలబడి ఉన్నాడట. కోర్టు ఉరిశిక్ష వేసింది. పైకోర్టులో నడుస్తుండగా కడుపునొప్పి అని ఆసుపత్రికి తెచ్చారు. కాపలావాళ్లు టీకి పోయి వచ్చేలోపల మంచం ఖాళీ. కణేకల్ పక్కనంతా కొన్నాళ్లు ఎవరూ పొలాల్లో పడుకోలేదట.

మా నాయన నమ్మలేదు. మనిషిని పోలిన మనుషులుంటారన్నాడు. కానీ ఆ రాత్రి కూడు ముట్టలేదు. పొద్దున అతను పంచలో ఉగ్గాని తింటూ ఉంటే నాయన ఎదురుగా కూర్చున్నాడు. ఆపరేషన్ కుట్లు ఇంకా పచ్చిగానే ఉన్నాయి, గోడ పట్టుకుని కూర్చున్నాడు. అమ్మా నేనూ తలుపు దగ్గర నిలబడ్డాం. దొడ్డమ్మ బయటికి రాలేదు.

"సామీ, మీది కణేకల్లు పక్కనంట కదా?" అన్నాడు నాయన.

అతను మిరపకాయ బజ్జీ కొరికి, నమిలి, మింగాడు. ఎవరు చెప్పారని కూడా అడగలేదు.

"అవునప్పా. నేనే. ముగ్గుర్ని," అన్నాడు. "అయిపోయినేది అయిపోయ. ఇప్పుడు నేను ఏడిస్తే లేసొస్తారా? నీ చేన్లో నీళ్లు పడినాయా లేదా, అది చూసుకో."

అతను పళ్లెం అమ్మ వైపు జరిపి, పప్పులపొడి ఇంకొంచెం వెయ్యి తల్లీ అన్నాడు. అమ్మ కదల్లేదు.

"ఆ చిన్నపాప ఏం చేసింది?" అని అడిగింది.

అతను నిజంగానే ఆలోచించాడు. జ్ఞాపకం చేసుకుంటున్నట్టు నుదురు ముడిచాడు.

"అది లేసింది," అన్నాడు. "నిద్ర లేసిందమ్మా. అంతే."

అమ్మ వంగి అతని ముందున్న పళ్లెం తీసేసింది. అందులో ఉగ్గాని ఇంకా సగం ఉంది. అతను అటే చూశాడు. ఏ క్షణంలోనైనా ఆ మనిషి ముఖంలో బాధ కనిపించిందా అంటే అప్పుడే, పళ్లెం పోతున్నప్పుడు.

అమ్మ ఆ పళ్లేన్ని వాకిట్లోనే బోర్లించింది. కాకులు వచ్చాయి. అతను లేచి, మూతి తుడుచుకుని, ఓబులేసు చిన్నాయన ఇంటికి నడిచి వెళ్లాడు. పారిపోతాడేమో అనుకున్నాం. పారిపోవాల్సిన అవసరం లేదని అతనికి మాకంటే బాగా తెలుసు.

సాయంత్రం పాల కేంద్రం రేకుల కింద ఊరి మగవాళ్లు కూడారు. పాలు పోయడానికి వెళ్లినట్టు అమ్మా నేనూ వెళ్లాం. మాకు గేదె కూడా లేదు. ఖాళీ క్యాన్ పట్టుకుని నిలబడ్డాం. ఓబులేసు చిన్నాయన మా నాయనకు దాయాది, ఊళ్లో మాట చెల్లే మనిషి. అతనికి వంక దగ్గర పెద్ద చేను ఉంది, అందులో చీనీ చెట్లు ఎండుతున్నాయి. ఆ వారంలోనే రిగ్గు లారీ వస్తుందని ఖాయమైంది. చిన్నాయనదీ, ఇంకా కొందరివీ బోరు పాయింట్లు చూడాల్సి ఉంది.

నీళ్లసామి మధ్యలో కుర్చీలో కూర్చున్నాడు. అవును, కుర్చీ వేశారు. ముగ్గుర్ని చంపిన సంగతి అందరికీ తెలిసిన తర్వాతే వేశారు. మొదట ఎవరో ఒకరు రేయ్ అనకపోతారా, కనీసం ఒక్కడైనా ఉమ్మకపోతాడా అని చూశాను. ఒకాయన, వదిన మంచిది కాదేమో, మనకేం తెలుసు అన్నాడు. ఇంకొకాయన, అన్న కరెంటు రాగానే మోటారు మీద కూర్చునే రకం అయ్యుంటాడు, అట్లాంటోళ్లతో యాడ వేగుతారు అన్నాడు. చచ్చిపోయినవాళ్ల ముఖం చూసినవాడు ఒక్కడు లేడు అక్కడ. అందరూ తలా ఒక తప్పు వెతికి వాళ్ల మీద వేస్తున్నారు. పాప మీద వేయడానికి తప్పు దొరకలేదు కాబట్టి పాప మాట ఎవరూ ఎత్తలేదు.

అప్పుడు చిన్నాయన తేల్చాడు.

"వాని పాపం వానిది, మన నీళ్లు మనవి. ఉరి యాడికీ పోదు. రిగ్గు వచ్చిపోనీండి. ఆమీట చెప్పల్ల అనుకునేటోళ్లు చెప్పుకోండి."

అతను అంతా విని, మెల్లగా గొంతు సవరించుకున్నాడు. ఎవరి మీదా నిష్ఠూరం లేదన్నాడు. పట్టిస్తే పట్టించండి, నేను తయారే అన్నాడు. ఓబులేసన్న చేన్లో జల నా కళ్లకు కనపడతాండాది, అది చూపిచ్చకుండా పోవల్లంటేనే మనసు పీకుతాండాది అన్నాడు. చిన్నాయన కళ్లల్లో నీళ్లు తిరిగాయి. నేను నా కళ్లతో చూశాను.

అమ్మ ఏదో అనబోయింది. నాయన ఆమె వైపు చూడకుండానే గమ్మునుండు అన్నాడు. ఆ మాట అన్నందుకు నేను నాయన్ని క్షమించడానికి చాలా కాలం పట్టింది. బురదలో కూర్చుని ఏడ్చిన మనిషి అని గుర్తు చేసుకుని గుర్తు చేసుకుని క్షమించాను.

మర్నాడు పొద్దున్నే దొడ్డమ్మ ఊరికి బయలుదేరింది. బస్సు ఎక్కించి వస్తానని అమ్మ కూడా వెళ్లింది. బస్సు ఎక్కించలేదు, తనూ ఎక్కింది. ఇద్దరక్కచెల్లెళ్లూ కలిసి పోలీసు స్టేషన్‌కు వెళ్లారు. మా అమ్మ అంతకు ముందు స్టేషన్ గడప తొక్కి ఎరగదు. ఏం చెప్పావమ్మా అని తర్వాత అడిగితే, పాప నిద్ర లేసిందని చెప్పినా, అంతే అంది. మిగతాదంతా దొడ్డమ్మ చెప్పిందట.

పోలీసులు వచ్చేసరికి అతను చిన్నాయన చేన్లో వేపకొమ్మ పట్టుకుని నడుస్తున్నాడు. వెనక ఊరంతా ఉంది. జీపు చూసి కూడా పరిగెత్తలేదు. వాళ్లు సంకెళ్లు వేస్తుంటే చిన్నాయన ఎస్సై కాళ్ల మీద పడినంత పని చేశాడు. సార్, ఒక్క పాయింటు చూపిచ్చి వస్తాడు సార్, ఒక్క పాయింటు అని బతిమాలాడు. ఎస్సై తిట్టిన తిట్టు ఇక్కడ రాయడానికి వీల్లేదు. ఆ రోజు మా ఊళ్లో సరైన మాట అన్నది ఆయనొక్కడే. జీపెక్కే ముందు నీళ్లసామి ఆగి, బొటనవేలితో నేల మీద ఒక గీత గీసి, ఈడ ఏసుకో ఓబులేసన్నా అన్నాడు. చిన్నాయన పరిగెత్తి ఆ గీత మీద రాయి పెట్టాడు. తెచ్చిన పసుపు, కుంకుమ కూడా పెట్టాడు.

రిగ్గు వచ్చింది. ఆ రాయి పెట్టిన చోట దుమ్ము తప్ప ఏమీ రాలేదు. తెల్లటి దుమ్ము ఊరి మీదంతా పడింది. తప్పు గీతది కాదనుకున్నారు, మా అమ్మదన్నారు. సామిని పట్టిచ్చినాంక గంగమ్మ ఎట్లా నిలబడుతుంది అన్నారు. ఆ తర్వాత ఊళ్లో మా అమ్మతో ఆడవాళ్లెవరూ మాట్లాడలేదు. పేరంటానికి పిలవలేదు. మా చేన్లో బోరు మాత్రం కొన్నేళ్లు పోసింది. రోజూ బిందెలు తెచ్చుకుని వచ్చేవాళ్లు, ముంచుకునేవాళ్లు, ముఖం పక్కకు తిప్పుకుని పోయేవాళ్లు. అమ్మ ఒక్క రోజు కూడా వద్దనలేదు. నాయన ఆ తర్వాత ఎప్పుడూ పంచలో కూర్చుని తినలేదు. ఎండైనా చలైనా లోపల గోడవైపు తిరిగి తినేవాడు.

పైకోర్టు ఉరిని యావజ్జీవం చేసింది. మా ఊళ్లో టపాకాయలు కాల్చారు. అంతటితో ఆగి ఉంటే బాగుండేది. జైలుకు ములాఖత్‌కు వెళ్లడం మొదలుపెట్టారు. జాలితో కాదు, పాయింట్ల కోసం. ఇనుప కటకటాల ఇవతల నిలబడి, మా చేనికి ఉత్తరాన ఇది ఉంది, దక్షిణాన అది ఉంది అని నోటితో చెప్పేవాళ్లట. అతను కళ్లు మూసుకుని, ఈశాన్యం మూల, రెండు వేపచెట్ల నడుమ అనేవాడట. వీళ్లు తిరిగి వచ్చి వేపచెట్లు లేకపోతే వేపచెట్లు ఉండిన చోటు వెతికేవాళ్లు. వెళ్లేటప్పుడు అరటిపండ్లూ, కడుపుమంటకు తెల్ల మందూ తీసుకెళ్లేవాళ్లు. ఆ మందు కోసం ఒకసారి నా షాపుకే వచ్చారు. లేదన్నాను. అలమారా నిండా కనిపిస్తూనే ఉంది. లేదు అన్నాను మళ్లీ.

అలా అతను పోయాడు. పోయిన తర్వాత సంగతి నాకు ఫోన్లో ఒక ఫోటో వచ్చేదాకా తెలియదు. శవాన్ని మా ఊరివాళ్లే తెచ్చారు. ఓబులేసు చిన్నాయన చేను గట్టున పూడ్చి, సిమెంటు దిమ్మె కట్టి, పైన రేకులు వేశారు. వెనక పెద్ద ఫ్లెక్సీ. జీవితమంతా ఫోటో తీయనివ్వని మనిషిది జైలు కాగితాల మీది ఫోటో తెచ్చి పెద్దది చేసి, తల వెనక గుండ్రంగా వెలుగు పెట్టించారు. జలదాత అని రాసి ఉంది. బోరు వేసే ముందు అక్కడ టెంకాయ కొడితే నీళ్లు ఖాయమని ప్రచారం.

ఆ ఫోటో చూసింది నేనొక్కదాన్నే కాదు. కొద్ది రోజులకు ఒక అమ్మాయి మా షాపుకు వచ్చింది. ముప్ఫై ఏళ్లకు దగ్గర్లో ఉంటుంది. హిందూపురం పక్కన బట్టల ఫ్యాక్టరీలో పనట. దొడ్డమ్మ కొడుకు మా అడ్రసు ఇచ్చాడని చెప్పింది. పేరు సుజాత అంది. మాకు అర్థం కాలేదు. అప్పుడు, బావిలో వేసినారు కదా, వాళ్ల పెద్దకూతుర్ని అంది.

అమ్మ లేచి ఆమె చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకెళ్లింది. ఏమీ తినదేమో అనుకున్నాం. పెట్టిందంతా తినింది. తర్వాత చెప్పింది. అతను పోయినప్పుడు రక్తసంబంధం అని జైలువాళ్లు ఆమెకు ఫోన్ చేశారట. నాకొద్దు సార్ అందట. వేరేవాళ్లు ఎవరో అడుగుతున్నారంటే ఇచ్చేయండి అందట.

"పూడ్చిపెట్టేకి అనుకుంటి అక్కా," అంది నాతో. "మొక్కేకి అనుకోలేదు."

ఒకసారి చూసి వస్తానంది. ఒక్కదాన్నే పోతానంది. అమ్మ చెప్పులు వేసుకుంది.

మేము ముగ్గురం వెళ్లేసరికి ఎండ నడినెత్తిన ఉంది. అక్కడ కొంతమంది రైతులున్నారు, వేరే ఊళ్లవాళ్లు. నాకు ఫోన్ చేసిన తమ్ముడు నొసట బొట్టుతో దిమ్మె పక్కన నిలబడి వాళ్లకు సామి కథ చెబుతున్నాడు. సామికి నా అనేవాళ్లు ఎవరూ లేరు, చిన్నప్పుడే సంసారం మీద విరక్తి పుట్టి వదిలేసినాడు అంటున్నాడు. అమ్మను చూసి మాట ఆపాడు. సుజాత ముందుకు వెళ్లింది.

"ఉండిరి అన్నా," అంది. "ఈయప్పకు నా అనేవాళ్లు ఉండిరి. అన్న ఉండె, రామాంజి. మా నాయన. మా అమ్మ లక్ష్మి. మా చెల్లెలు భారతి. దానికి నాలుగేండ్లు."

గొంతు పెంచలేదు. ఏం జరిగిందో వరసగా చెప్పింది. బోరు, మోటారు, గొడ్డలి, ఎండుబావి. బావిలోంచి పైకి తీసినప్పుడు చెల్లెలి వంటి మీద ఏ గౌను ఉందో చెప్పింది. అది తన గౌనేనట. అవ్వగారింటికి పోతూ, నేను వచ్చేదాకా ఏసుకో అని తనే ఇచ్చి పోయిందట. చెప్పి ఆపింది. తమ్ముడు నేల చూస్తున్నాడు. రేకులు ఎండకు టపటపమంటున్నాయి.

రైతుల్లో ఒకాయన టెంకాయ పట్టుకుని ముందే నిలబడి ఉన్నాడు. పెద్ద వయసేం కాదు. పెదవులు పగిలి ఉన్నాయి, చొక్కా భుజం మీద చిరిగి ఉంది. ఆయన అంతా శ్రద్ధగా విన్నాడు. మధ్యలో అయ్యో అని కూడా అన్నాడు. ఆమె ముగించాక కొంచెం తటపటాయించి అడిగాడు.

"అదంతా సరే తల్లీ. నీళ్లు పడతాయా, పడవా?"

సుజాత ఆయన ముఖంలోకి చూసింది. కోప్పడుతుందనుకున్నాను.

"పడవన్నా," అంది. "ఇంటికి పో."

ఆయన ఆమెను చూశాడు, దిమ్మెను చూశాడు. అంత దూరం నుంచి వచ్చినా కదమ్మా అన్నాడు, క్షమించమన్నట్టు. తర్వాత దిమ్మె అంచున టెంకాయ కొట్టాడు. తమ్ముడు అలవాటు కొద్దీ కర్పూరం వెలిగించాడు. రైతు రెండు చిప్పలూ కళ్లకద్దుకుని, ఒకటి దిమ్మె మీద పెట్టి, రెండోది తెచ్చి సుజాత చేతిలో పెట్టాడు. మీ చిన్నాయన ప్రసాదం తల్లీ, ఇంటి బిడ్డవు, ముందు నువ్వే తీసుకోవల్ల అన్నాడు. ఆ గొంతులో ఎగతాళి లేదు. మర్యాద ఉంది.

ఆమె ఆ చిప్పను కొంతసేపు అట్లాగే పట్టుకుంది. మిగిలిన నీళ్లు మణికట్టు మీదుగా మోచేతి దాకా కారాయి. తర్వాత వంగి చిప్పను నేల మీద పెట్టి, వెనక్కి తిరిగి రోడ్డు వైపు నడిచింది. మేము వెనకే వెళ్లాం.

బస్సు ఆగే చోట నీడ లేదు. ఆమె చేతిని చున్నీకి తుడుచుకుంటోంది. వేళ్ల సందులు, అరచెయ్యి, మణికట్టు. ఆరిపోయిన చేతినే తుడుచుకుంటోంది. అమ్మ సంచిలోంచి నీళ్ల బాటిల్ తీసి మూత విప్పింది. సుజాత చేతులు ముందుకు చాపింది. అమ్మ పోసింది. ఆమె రుద్దుకుంది. చాలునా అని అమ్మ అడిగింది.

"ఇంకొంచెం పొయ్యవ్వా," అంది.

అమ్మ బాటిల్ ఖాళీ అయ్యేదాకా పోసింది.